దీవిలో అందరూ ప్రెజెంట్

నాగరికత నిప్పుతో మొదలైందని కొందరు, చక్రంతో మొదలైందని కొందరు అంటారు గానీ, అది ఆన్సర్ కీతో మొదలైందని మేధాగోపురం టెక్నో స్కూల్స్ వారి గట్టి నమ్మకం. కీ లేని రోజుల్లో మనుషులు పుస్తకాలు చదివి ఎవరికి తోచినట్టు వాళ్లు అర్థం చేసుకునేవారట. (అప్పట్లో యుద్ధాలు అన్నేసి జరగడానికి కారణం ఇదేనని హెడ్డాఫీసు అభిప్రాయం.) ఇప్పుడు ఆ అవస్థ లేదు. ఒక ప్రశ్న, ఒక జవాబు, రెండు మార్కులు. హయత్‌నగర్ బ్రాంచిలో ఒక పిల్లవాడు ఏం అర్థం చేసుకుంటాడో, జల్‌పల్లి బ్రాంచిలో ఇంకో పిల్ల సరిగ్గా అదే పీరియడ్‌లో అదే అర్థం చేసుకుంటుంది. ఇద్దరిలో ఎవరైనా ఒక పీరియడ్ ముందే అర్థం చేసుకుంటే ఆ టీచరుకు మెమో వస్తుంది.

ఇంత సవ్యంగా నడిచే ప్రపంచంలోకి ఇబ్రహీంపట్నం బ్రాంచి ఇంగ్లిష్ టీచరు స్వప్న ఒక నవల తెచ్చింది. సిలబస్‌లో ఉన్న నవలే. ఆమె చేసిన తప్పల్లా దాన్ని చివరిదాకా తేవడం.

స్వప్నది ఇబ్రహీంపట్నమే. సిటీకి పోయి ఎంఏ చదువుకుని తిరిగి వచ్చేసరికి సిటీ కూడా ఆమె వెనకాలే బస్సెక్కి ఊరికి వచ్చేసింది. జొన్నచేలల్లో రంగు జెండాలు పాతారు, గుట్టలకు గేట్లు పెట్టారు, ఆదిబట్ల వైపు విమానాల ముక్కలు తయారుచేసే కంపెనీలు లేచాయి, ఆ కంపెనీల్లో పనిచేసేవాళ్ల పిల్లల కోసం సాగర్ రోడ్డు మీద మేధాగోపురం లేచింది. స్వప్న అందులో ప్రొబేషన్ మీద చేరింది. ప్రొబేషన్ అంటే ఉద్యోగం ఉన్నట్టే, లేనట్టు కూడా. (మేధాగోపురంలో చాలా విషయాలు ఇలాగే ఉంటాయి. లిఫ్టు, లైబ్రరీ, మధ్యాహ్నం పెరుగు.)

నవల సంగతి. తొమ్మిదో తరగతికి పెట్టిన ఒక పాత ఇంగ్లిష్ నవల అది. లోకంలో పెద్దవాళ్లు యుద్ధం చేసుకుంటుంటే, కొందరు పిల్లలు ఎవరూ లేని దీవిలో చిక్కుకుపోతారు. మొదట పద్ధతిగా లీడర్‌ను ఎన్నుకుంటారు, డ్యూటీలు వేసుకుంటారు. తర్వాత రెండు జట్లవుతారు, మొహాలకు రంగులు పూసుకుంటారు, ఒకరినొకరు వేటాడుకుంటారు. ఇద్దరు చచ్చిపోతారు. ఆఖరుకు అడవికే నిప్పు పెడతారు. (తల్లిదండ్రులు కంగారు పడనక్కర్లేదు. ఇదంతా ఇంగ్లిష్‌లోనే జరుగుతుంది.)

మేధాగోపురంలో సిలబస్ డిసెంబరుకల్లా అయిపోవాలి, జనవరి నుంచి రివిజన్. నవల చివరి అధ్యాయం సరిగ్గా జనవరిలో పడింది. జనవరిలో కొత్త పాఠం చెప్పకూడదు, పాతవి రివిజన్ మాత్రమే చేయాలి. అందువల్ల చివరి అధ్యాయాన్ని చెప్పకుండానే నేరుగా రివిజన్ చేసేవారు. స్కూలు తనే అచ్చేసి ఇచ్చే దాన్ని మెటీరియల్ అంటారు, అసలు పుస్తకాన్ని 'బయటి పుస్తకం' అంటారు. మెటీరియల్‌లో నవల అడవికి నిప్పంటుకునే చోట ఆగిపోతుంది. ఆ కింద 'ఆల్ ది బెస్ట్' అని ఉంటుంది.

అలా కొన్నేళ్లపాటు మేధాగోపురం విద్యార్థులకు ఆ దీవి తగలబడుతూనే ఉంది. ఒక్కరూ ఫిర్యాదు చేయలేదు.

అలాంటిది, ఒక ఏడాది మోడల్ పేపర్లో ప్రశ్న వచ్చి పడింది: నవల ఎలా ముగిసింది, ఆ ముగింపుకు అర్థమేమిటి? బ్రాంచిలు బెంబేలెత్తి ఎవరి ముగింపు వాళ్లు రాయించుకున్నాయి. హయత్‌నగర్ వాళ్లు హెలికాప్టర్ దింపారు. జల్‌పల్లి వాళ్లు వాన కురిపించి, నిప్పు ఆర్పించి, పిల్లలతో మొక్కలు నాటించారు. ఇబ్రహీంపట్నం ప్రిన్సిపాల్ రామచంద్రయ్య సారు లెక్కల మనిషి కాబట్టి 'దీవిలోని పిల్లల సంఖ్య ఎక్స్ అనుకొనుము' అని మొదలుపెట్టి, బోర్డు నిండా సాధించి, చివర సున్నా తెచ్చారు. సున్నా అంటే దీవిలో ఎవరూ మిగల్లేదని, అంటే అందరూ ఇంటికి పోయారని ఆయన వివరణ. (సున్నాకు ఇంకో అర్థం కూడా ఉండొచ్చని వెనక బెంచీలో ఎవరో అన్నారు. వాళ్లను నిలబెట్టారు.)

ఒకే నవల మూడు రకాలుగా ముగుస్తోందని తెలిసి హెడ్డాఫీసు నిద్రపోలేదు. వెంటనే 'ముగింపుల కోఆర్డినేటర్' అనే పోస్టు సృష్టించి దేవేందర్ సారును తీసుకుంది. ఆయన అంతకుముందు రావిర్యాల వైపు వెంచర్లలో ప్లాట్లు చూపించేవాడు. బండరాళ్ల మీద నిలబడి "గిక్కడ స్విమ్మింగ్ పూల్, గక్కడ క్లబ్ హౌస్" అని చెయ్యి ఊపితే కస్టమర్లకు తడి తగిలేది. లేనిదాన్ని చూపించడంలో అంత అనుభవం ఉన్న మనిషి విద్యారంగానికి దొరకడం అదృష్టమనే చెప్పాలి. ఆయన వారం రోజుల్లో ఏకరూప ముగింపు జారీ చేశాడు:

'ఓడ వచ్చెను. ఆఫీసరు దిగెను. పిల్లలు వరుసలో నిలబడిరి. అటెండెన్స్ తీసుకొనబడెను. అందరూ ప్రెజెంట్. అర్థం: క్రమశిక్షణ.'

స్వప్న దీన్ని తొమ్మిదో తరగతి ఎవరెస్ట్ సెక్షన్‌లో బోర్డు మీద రాస్తుండగా ముందు బెంచీలో చెయ్యి లేచింది. ఆ చెయ్యి సింధూరది. సింధూర వాళ్లది భీమవరం వైపు. నాన్న వీరరాఘవులు ఇబ్రహీంపట్నంలో సిమెంటు, ఇనుము దుకాణం పెట్టుకుని చాలా ఏళ్లయింది.

"మేడమ్, ఇద్దరు చచ్చిపోయారు కదండీ. అందరూ ప్రెజెంట్ ఎలా అవుతారు?"

స్వప్న బోర్డు వైపు చూసింది, సింధూర వైపు చూసింది. నియమం ప్రకారం సందేహాలను టీచరు సొంతంగా తీర్చకూడదు. స్కూలు యాప్‌లో పెట్టాలి. పెట్టింది. మర్నాడు హెడ్డాఫీసు జవాబు వచ్చింది: 'డెబ్బై ఐదు శాతం హాజరు ఉన్నచో అందరూ ప్రెజెంట్‌గా భావించవలెను. మిగిలిన ఇద్దరినీ మెడికల్ లీవు కింద చూపవచ్చును.' స్వప్న ఎవరి మొహమూ చూడకుండా చదివింది. క్లాసంతా రాసుకుంది.

బెల్లు కొట్టాక సింధూర బల్ల దగ్గరికొచ్చింది.

"నిజంగా ఎలా అయిపోతుందండీ?"

ఈ ఒక్క ప్రశ్న దగ్గర స్వప్న జారింది. ఆమె డిగ్రీలో ఉన్నప్పుడు కోఠి ఫుట్‌పాత్ మీద బేరమాడి కొన్న పాత కాపీ ఒకటి ఆమె సంచిలోనే ఉంది, చివరి అధ్యాయంతో సహా. తీసి ఇచ్చింది. బయటి పుస్తకాన్ని లోపలి పిల్లకు ఇవ్వడం మేధాగోపురంలో సెల్‌ఫోన్ ఇవ్వడం కన్నా పెద్ద తప్పు. సెల్‌ఫోన్ అయితే కనీసం చార్జింగ్ అయిపోతుంది.

అసలు ముగింపు ఇదీ. మంటల పొగ చూసి ఒక యుద్ధనౌక ఆ దీవి దగ్గర ఆగుతుంది. తెల్ల యూనిఫారం వేసుకున్న ఆఫీసరు దిగి, మట్టికొట్టుకున్న పిల్లల్ని చూసి, ఇంత మంచి దేశపు పిల్లలు ఇంకాస్త పద్ధతిగా ఉండొద్దా అంటాడు. పిల్లలు ఏడవడం మొదలుపెడతారు. ఆఫీసరు ఏం చేయాలో తోచక, దూరంగా ఆగి ఉన్న తన ఓడ వంక చూస్తూ నిలబడతాడు. ఆ ఓడ నిండా ఫిరంగులు. అంతే, అయిపోతుంది. ఎవరూ అటెండెన్స్ తీసుకోరు.

పరీక్షలో సింధూర ఇలా రాసింది (ఇంగ్లిష్‌లో రాసింది, మనం తెలుగులో చెప్పుకుందాం): 'పిల్లలు కొట్టుకుంటున్నారని తీసుకెళ్లడానికి వచ్చిన ఆఫీసరు కూడా కొట్లాటకే వెళ్తున్నాడు. ఆయన ఓడ పెద్దది, అంతే తేడా. పిల్లల్ని కాపాడటానికి ఆయన వచ్చాడు. ఆయన్ని కాపాడటానికి ఎవరొస్తారో రాయలేదు. అందుకే ఏడ్చి ఉంటారు.'

స్వప్న పెన్ను పక్కన పెట్టి ఆ జవాబును మళ్లీ చదువుకుంది. తర్వాత రెండుకు రెండు వేసింది. వేశాక చాలా సంతోషపడింది. (సంతోషం టీచరు మూల్యాంకన పట్టికలో ఏ కాలమ్ కిందకూ రాదు.)

దిద్దిన పేపర్లన్నీ ఫోటో తీసి యాప్‌లో ఎక్కించాలి. యాప్ నవలలు చదవదు, మాటలు వెతుకుతుంది. ఈ ప్రశ్నకు దానికి నేర్పిన మాటలు నాలుగు: ఓడ, ఆఫీసరు, వరుస, అటెండెన్స్. సింధూర పేపర్లో రెండే దొరికాయి, మార్కులు మాత్రం రెండూ ఉన్నాయి. యాప్ ఎర్రబడింది. యాప్ ఎర్రబడితే రామచంద్రయ్య సారు మొహం తెల్లబడుతుంది, ఆయనకు హెడ్డాఫీసులో పై అధికారి ఏజీఎం నుంచి ఫోన్ వస్తుంది, ఫోన్ పెట్టేయగానే ఆయన చేసే మొదటి పని టీచరును పిలవడం.

"స్వప్నమ్మా, గీ పాపకు రెండు మార్కులు ఎందుకేసినవ్?"

"కరెక్ట్ రాసింది సార్."

"కరెక్టా కాదా అని నేనడుగుతున్ననా? ఎందుకేసినవ్ అని అడుగుతున్న."

మేధాగోపురంలో సెక్షన్లకు కొండల పేర్లు పెడతారు. పైన ఎవరెస్ట్, దాని కింద కాంచనగంగ, అలా దిగుతూ దిగుతూ అట్టడుగున రాచకొండ. కీకి వెలుపలి జవాబు రాసినట్టు తేలితే విద్యార్థిని మెట్లు లేకుండా నేరుగా ఎవరెస్ట్ నుంచి రాచకొండకు దించేస్తారు. రాచకొండ సెక్షన్ బస్సుల పార్కింగ్ పక్కన రేకుల షెడ్డులో జరుగుతుంది. బస్సులు స్టార్ట్ చేసినప్పుడు పాఠం ఆపుతారు. బస్సులు ఎప్పుడూ స్టార్ట్ చేస్తూనే ఉంటారు.

ఆ సాయంత్రం వరండాలో సింధూర స్వప్న కోసం కాచుకుని ఉంది.

"మేడమ్, నన్ను రాచకొండలో వేస్తారాండీ?"

"వేస్తె ఏమైతది? ఆడ కూడా నేనే వస్త గద."

"అది కాదండీ. ఎవరెస్ట్ నుంచి దిగితే జల్‌పల్లి హాస్టల్లో వేసేస్తానన్నారు మా నాన్నగారు. ఫోన్లో సీటు కూడా అడిగేశారు." ఆ పిల్ల బ్యాగు పట్టీని వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ ఉంది. "మా పిన్నిగారి అబ్బాయి అక్కడే ఉన్నాడండీ. అక్కడ రాత్రిపూట పెద్ద క్లాసులోళ్లు చిన్న క్లాసులోళ్ల సబ్బులు, దుప్పట్లు లాక్కుంటారంట. వార్డెన్‌కి చెబితే ఇంకా లాక్కుంటారంట."

స్వప్న ఆ పిల్ల భుజం మీద చెయ్యి వేసింది.

"ఫికర్ చెయ్యకు. నేను మాట్లాడ్త. నీ జవాబు కరెక్టే. కరెక్ట్ రాసినందుకు ఎవరన్న హాస్టల్ల ఏస్తరా?"

(ఈ ప్రశ్నకు జవాబు కీలో ఉంది. స్వప్న చూసుకోలేదు.)

సమీక్షా సమావేశం శనివారం ప్రిన్సిపాల్ గదిలో జరిగింది. దేవేందర్ సారు హెడ్డాఫీసు కారులో వచ్చాడు. వీరరాఘవులు దుకాణం మూసి వచ్చాడు. టీ, బిస్కెట్లు వచ్చాయి. స్వప్న తన పాత పుస్తకాన్ని ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

"మేడం," అన్నాడు దేవేందర్, "కీల నాలుగు మాటలున్నయి. పాప రెండే రాసింది. మీరు రెండుకు రెండేసిన్రు. మిగతా రెండు మాటలు ఏడున్నయి?"

"సార్, పాప రాసిందే నవలల ఉన్నది."

"మొత్తం నవల చదివిన్రా మీరు?" అన్నాడు దేవేందర్, దొంగతనం ఒప్పుకుంటున్న మనిషితో మాట్లాడినంత మెల్లగా.

"చదివిన సార్. డిగ్రీల ఉన్నప్పుడు."

"మన దగ్గర చేరకముందు సార్ అది," అని రామచంద్రయ్య సారు ఆమెను కాపాడటానికి అడ్డుపడ్డారు. "అప్పుడు ఆమెకు తెల్వది."

వీరరాఘవులు టీ కప్పు కింద పెట్టాడు.

"నాకు నవలలు తెలీవండి, సిమెంటు తెలుసు. మా అమ్మాయి రాసింది కరెక్టా కాదా, ఆ ఒక్క ముక్క చెప్పండి."

"కరెక్టే సార్. కానీ తప్పు."

"రెండూ ఎలా అవుద్దండీ?"

దేవేందర్ కుర్చీని కొంచెం ముందుకు జరుపుకున్నాడు. ఇది ఆయన సొంత మైదానం.

"ప్లాటు ఉంటది సార్, రిజిస్ట్రేషన్ గాదు. ప్లాటు లేదంటమా? కండ్ల ముందర ఉన్నది. మీదంటమా? అనం. గట్లనే ఇది."

వీరరాఘవులుకు వెంటనే అర్థమైంది. అలాంటి ప్లాటు ఆయనకు ఆదిబట్ల దగ్గర ఒకటి ఉంది. ఆయన కాసేపు ఆ ప్లాటు గురించి ఆలోచించి, తేరుకుని అడిగాడు.

"ఇంతకీ ఆ దీవి ఎవరిదండీ? తగలబెట్టేశారంటున్నారు, ఓనరు ఊరుకున్నాడా?"

"దీవికి లింకు డాక్యుమెంట్లు లేవు సార్," అన్నాడు దేవేందర్ అలవాటు కొద్దీ.

స్వప్నకు ఇక ఓపిక పోయింది. లేచి పుస్తకం తెరిచి చివరి అధ్యాయం తీసి ఆయన ముందు పెట్టింది.

"సార్, మీరు జర ఒక్కసారి చదువున్రి. చదివినంక మార్కులు తీసెయ్యమంటె తీసేస్త."

గదిలో అలాంటి మాట ఇంతకుముందు ఎవరూ అనలేదు. దేవేందర్ నవ్వబోయి, ఆమె మొహం చూసి మానుకుని, పుస్తకం తీసుకుని కిటికీ దగ్గరికి పోయాడు. ఆయన ఇంగ్లిష్ మెల్లగా నడుస్తుంది. పెదవులు కదుపుతూ చదివాడు. బయట బస్సొకటి స్టార్ట్ అయి ఆగింది. ఆఖరి పేజీ అయిపోయాక మళ్లీ వెనక్కి తిప్పి మళ్లీ చదివాడు.

"మా పెద్దోడు జల్‌పల్లి హాస్టల్‌ల ఉంటడు," అన్నాడు కిటికీ వైపే చూస్తూ. "ఆదివారం పోతె గిట్లనే ఏడుస్తడు. నన్ను చూడంగనే."

"ఏమని ఏడుస్తడు సార్?" అంది స్వప్న.

"అడగలే మేడం. మళ్ల నాకు మీటింగ్ ఉంటది గద."

వీరరాఘవులు చేతిలో ఉన్న బిస్కెట్టును తినకుండా పళ్లెంలో పెట్టేశాడు. ఆ కొద్దిసేపు, అంటే ప్రిన్సిపాల్ గదిలో ఫ్యాను ఒక పక్క నుంచి ఇంకో పక్కకు తిరిగే లోపల, సింధూర రెండు మార్కులు సింధూరకే ఉన్నాయి, హాస్టల్లో ఆమె సీటు ఖాళీగా ఉంది, నవల తన సొంత ముగింపుతో ముగిసింది. రామచంద్రయ్య సారు కూడా 'పోనీలే' అనడానికి నోరు తెరిచారు.

అప్పుడు దేవేందర్ గొంతు సవరించుకుని పుస్తకం మూసేశాడు.

"నాకూ అర్థమైంది మేడం. కానీ అర్థమయ్యేది కీ కాదు. ఇదే కరెక్ట్ అంటె, అన్ని బ్రాంచిలల్ల కీ రాసిన పిల్లలంత తప్పైతరు. వాళ్లందరి సెక్షన్లు మారాలె, బస్సులు మారాలె, హోర్డింగుల మీద ఫోటోలు మారాలె. ఒక్క పాప కరెక్ట్ అయినందుకు ఇంతమందిని తప్పు చేస్తమా? మీరే చెప్పున్రి."

స్వప్న చెప్పడానికి మాటలు వెతుక్కుంటోంది. ఆమెకు దొరికేలోపు తీర్మానాలు అయిపోయాయి. ఒకటి, నవల తన ముగింపు విషయంలో పొరపాటు పడలేదు గాని పోర్షన్ దాటింది. రెండు, విద్యార్థినికి సానుభూతితో రీటెస్ట్ పెట్టాలి. మూడు, రీటెస్ట్‌ను స్వప్న మేడమే పర్యవేక్షించి, ఆమే దిద్దాలి. (ఇది శిక్ష కాదని, నమ్మకమని దేవేందర్ ప్రత్యేకంగా చెప్పాడు. ప్రొబేషన్ పూర్తి చేసే సంతకం కూడా తన చేతిలోనే ఉందని ప్రత్యేకంగా చెప్పలేదు.)

"రీటెస్ట్ రాస్తే ఎవరెస్ట్‌లోనే ఉంచుతారాండీ?" అన్నాడు వీరరాఘవులు.

"కీ ప్రకారం రాస్తె ఎవరెస్టే సార్. హాస్టల్ మాటే లేదు."

"రాస్తుందండి," అన్నాడు ఆయన, కూతుర్ని అడగకుండానే. తర్వాత స్వప్న వైపు తిరిగి, "ఏమీ అనుకోకండి టీచరు గారూ, మీరు మంచోరే. కానీ మంచితనంతో దాన్ని హాస్టల్ పాలు చేసేవారు" అన్నాడు. అందులో ద్వేషమేమీ లేదు. బస్తా బరువు చెప్పినట్టు చెప్పాడు.

పుస్తకాన్ని జప్తు చేయలేదు. మేధాగోపురం అంత అనాగరికం కాదు. రామచంద్రయ్య సారు డ్రాయర్‌లోంచి స్టేప్లర్ తీసి, చివరి అధ్యాయం పేజీలన్నీ ఒకదానితో ఒకటి అంచుల వెంబడి జాగ్రత్తగా కుట్టేసి, రెండు చేతులతో ఆమెకు తిరిగి ఇచ్చారు.

"దాసుకో అమ్మా," అన్నారు. "మంచి పుస్తకం లెక్కున్నది."

సోమవారం లైబ్రరీలో రీటెస్ట్. (లైబ్రరీలో పుస్తకాలు లేకపోవడం వల్ల కాపీ కొట్టే అవకాశం ఉండదు.) పెద్ద బల్ల, ఒక్క కుర్చీ, సింధూర. స్వప్న ప్రశ్నపత్రం ముందు పెట్టి పక్కన నిలబడింది.

"ఏది రాయమంటారండీ?" అంది సింధూర.

స్వప్న దగ్గర ఒక మాట ఉంది. ఆదివారమంతా ఆమె ఆ మాటను ఇంట్లో అంట్లు తోముతూ అనుకుంది, బట్టలు ఆరేస్తూ అనుకుంది, పొద్దున బస్సులో కిటికీ పక్కన కూర్చుని కూడా అనుకుంది. నీకేది నిజమనిపిస్తె అది రాయి, నేన్ చూస్కుంట. చాలా చిన్న మాట. అయితే ఆ మాట తర్వాత జల్‌పల్లి హాస్టల్ ఉంది, దుప్పట్లు లాక్కునే పెద్ద క్లాసు పిల్లలున్నారు. దానికి ఇవతల ఆమె ప్రొబేషన్ కాగితం కూడా ఉంది. ఇందులో ఏది తనను ఆపిందో తర్వాత ఎప్పుడూ ఆమె సరిగ్గా తేల్చుకోలేదు.

"కీ చదివినవా?" అంది.

"చదివానండి."

"మరి గదే."

ఆ తర్వాత ఇంకో వాక్యం వస్తుందేమోనని సింధూర కాసేపు ఆమె మొహంలోకే చూస్తూ కూర్చుంది. రాలేదు. పెన్ను మూత తీసి రాయడం మొదలుపెట్టింది.

చాలా అందంగా రాసింది. ఓడ వచ్చింది, ఆఫీసరు దిగారు, పిల్లలు వరుసలో నిలబడ్డారు, అటెండెన్స్ తీసుకున్నారు, అందరూ ప్రెజెంట్. అంతటితో ఆపలేదు. కింద తన సొంతంగా ఒక వాక్యం కలిపింది: 'పిల్లలందరూ ఒకేసారి థ్యాంక్యూ సార్ అన్నారు.'

స్వప్న ఆ వాక్యం మీద వేలు పెట్టింది.

"ఇది కీల లేదు గద సింధూరా?"

"లేదండి. ఆ సారు అంత దూరం నుంచి వచ్చారు కదా. ఎవరూ ఏమీ అనకపోతే బాగోదని." సింధూర పెన్ను మూత పెట్టుకుంది. "పెద్దవాళ్లు చూస్తా ఉంటారు కదండీ, మనం ఏమంటామో అని."

ఆ మాట అనేటప్పుడు ఆ పిల్ల కళ్లలో నీళ్లేమీ లేవు. స్వప్న చూసింది. మార్కులు వేసి ఫోటో తీసి యాప్‌లో ఎక్కించింది. యాప్ ఆకుపచ్చగా అయింది.

అంతటితో అయిపోయేది. కానీ దేవేందర్ సారుకు ఆ వాక్యం తెగ నచ్చింది. తన ముగింపులో ఏదో వెలితి ఉందని ఆయనకు మొదటి నుంచీ అనుమానం. స్విమ్మింగ్ పూల్ చూపించాక కస్టమర్ మొహంలో కనిపించే ఆ వెలుగు అందులో లేదు. ఇప్పుడొచ్చింది. ఆయన వెంటనే ఐదో మాటగా 'థ్యాంక్యూ'ను కీలో చేర్చి, అన్ని బ్రాంచిలకూ తప్పనిసరి చేశాడు. అర్థం కూడా సవరించాడు: 'క్రమశిక్షణ మరియు కృతజ్ఞత.' సింధూర ఫోటో రిసెప్షన్‌లో పెట్టారు. హాస్టల్ సంగతి వీరరాఘవులు మర్చిపోయాడు. దుకాణానికి వచ్చిన మేస్త్రీలకు కూడా ఫోన్లో ఆ ఫోటో చూపించాడు.

సింధూరను ఎవరెస్ట్ సెక్షన్‌కు లీడర్‌ను చేశారు. లీడర్ పని తోటివాళ్ల నోట్సుల్లో ఐదో మాట ఉందో లేదో చూసి పేర్లు రాసివ్వడం. శ్రద్ధగా చేసింది. పక్కన కూర్చునే స్నేహితురాలి పేరు కూడా రాసిచ్చిందంటే ఎంత శ్రద్ధో అర్థం చేసుకోవచ్చు.

స్వప్న ఉద్యోగం పర్మనెంట్ అయింది. సంతకం చేస్తూ దేవేందర్ సారు "మీలాంటోళ్లు ఉండాలె మేడం, చదివినోళ్లు" అన్నాడు. వచ్చే ఆదివారం కొడుకు దగ్గరికి పోతున్నానని, ఈసారైనా ఎందుకేడుస్తున్నావని అడుగుతానని కూడా చెప్పాడు. ఆ ఆదివారం ముగింపుల మీద అన్ని బ్రాంచిల వర్క్‌షాప్ పడింది.

తర్వాతి పరీక్షలో 'థ్యాంక్యూ' రాయని పిల్లలు చాలామందే తేలారు. పాత కీని బాగా బట్టీ పట్టినవాళ్లే ఎక్కువ దెబ్బతిన్నారు. వాళ్లందరికీ అరమార్కు చొప్పున పోయింది, ఒక్కొక్క కొండా దిగారు. రాచకొండ సెక్షన్ చాలక షెడ్డుకు ఇంకో రేకు వేశారు. పేపర్లన్నీ స్వప్నే దిద్దింది. ఇప్పుడామె చేతికి వేగం వచ్చింది. ఐదు మాటలు వెతుక్కుంటే చాలు, మిగతాది చదవనవసరం లేదు.

ఒక మధ్యాహ్నం మాణిక్యమ్మ అనే ఆవిడ కొడుకు పేపరు పట్టుకుని స్టాఫ్‌రూమ్ గుమ్మం దగ్గరికి వచ్చింది. ఆదిబట్లలో ఒక కంపెనీ క్యాంటీన్‌లో వంట చేస్తుందట. డ్యూటీ మధ్యలో అడిగి వచ్చింది, కొంగుకు ఇంకా పోపు వాసన ఉంది.

"మేడం, మావోడు అంత రాసిండంట గద. ఓడ రాసిండు, లైన్ల నిలవడ్డది రాసిండు, హాజరు రాసిండు. మార్కెందుకు కోసిన్రు? రేకుల షెడ్డుల ఏసిన్రని రెండ్రోజుల సంది అన్నం తింటలేడు."

స్వప్న పేపరు అందుకుని చివరి లైను చూసింది.

"ఆఖరుకు థ్యాంక్స్ రాయలేదమ్మా."

మాణిక్యమ్మ కూడా ఒంగి ఆ లైను వంక చూసింది.

"మరి గా దీవిల పిల్లలు నిజంగ చెప్పిన్రా మేడం, థ్యాంక్స్?"

స్టాఫ్‌రూమ్‌లో మిగతా టీచర్లు తలెత్తలేదు. స్వప్న పేపరు మడిచి ఆవిడ చేతికి ఇచ్చింది.

"అందరు చెప్పిన్రమ్మా," అంది. "మీవోడొక్కడే చెప్పలే."